కాలవిద్య బడి: పాలమూరు, నల్లగొండ నేల మీద కథకు ఏ పంథా నప్పుతుంది?

కాలాన్ని ఆపే, తిప్పే, చదివే మాయలు నేర్పే ఒక బడిని ఊహించి దాని చుట్టూ నవల రాయాలనుకునేవాళ్లున్నారు. నలుగురు కూచుని పాచికలు వేస్తూ తలా ఒక పాత్ర ఆడాలనుకునేవాళ్లూ ఉన్నారు. ఇద్దరూ అన్నింటికంటే ముందు తేల్చుకోవాల్సింది ఒకటుంది. ఆ బడిలో నేర్పే విద్య ఏ పని చేయగలదు, ఏ పని ఎప్పటికీ చేయలేదు? చాలామంది బడి పేరు, గురువుల వేషాలు, భవనం పటం ముందు గీసుకుని ఈ సంగతిని నాలుగో అధ్యాయం దాకా వాయిదా వేస్తారు. అప్పటికే మాయ అన్ని పనులూ చక్కబెట్టేస్తూ ఉంటుంది, కథలో ఎవరికీ ఏ కష్టమూ మిగలదు.

ఆ బడిని దక్షిణ తెలంగాణలో పెట్టమని నా మాట. పానగల్‌లో పొద్దంతా కదలని నీడ ఉంది. కృష్ణ ఒడ్డున ముడుమాల్‌లో పొద్దుపొడుపుతో వరుస కలిసే నిలువురాళ్లున్నాయి. పాలమూరు (మహబూబ్‌నగర్) పక్కన సుమారు 700 ఏళ్ల మర్రి ఉంది. అలంపురంలో, నీళ్లపాలు కాకుండా విప్పి తెచ్చి మళ్లీ కట్టిన గుడి ఉంది. సాగర్ నీళ్ల కింద ఇక్ష్వాకుల రాజధాని ఉంది. కాలంతో మనుషులు పెట్టుకున్న పేచీలు ఇన్ని రకాలుగా కళ్లముందుండగా పరాయి దేశపు గడియార గోపురాలను అరువు తెచ్చుకోవాల్సిన అవసరం లేదు.

ఏ పంథా ఎవరికి అనేది వివరంగా చెప్తాను గానీ, నా తీర్పు ముందే చెప్పేస్తే చదవడం సులువు. పెద్ద కథకు రాతి యాదిని (జ్ఞాపకాన్ని) చదివే విద్య అన్నింటికన్నా మేలు. చిన్న కథకు కాలాన్ని నిలిపే విద్య చాలు. వెనక్కి తిప్పే విద్యను గట్టి కట్టుబాటు లేకుండా ముట్టుకోవద్దు. ఆట బల్ల మీద మాత్రం దాన్నే చిన్న కొలతలో వాడుకోవచ్చు.

కొలత ముందు, మాయ తర్వాత

ఏ పంథా ఎంచుకున్నా కాలాన్ని కొలిచే తీరు ఒకటి ఉండాలి. అది మన పంచాంగంలోనే ఉంది. రోజుకు 60 గడియలు, గడియకు 60 విఘడియలు. అంటే గడియ 24 నిమిషాలు, విఘడియ 24 సెకన్లు. మూడు గంటలకు ఒక జాము. రెండు వారాలకు కాస్త తక్కువగా ఒక కార్తె, ఏడాదికి 27 కార్తెలు. ప్రభవ నుంచి అక్షయ దాకా 60 ఏళ్లకు ఒక చుట్టు. విఘడియలో ఒక దెబ్బ తప్పించుకోవచ్చు, గడియలో ఒక మనిషిని కాపాడవచ్చు, కార్తెలో ఒక పంట విత్తుకోవచ్చు, ఒక చుట్టులో ఊరికి ఊరే మారిపోవచ్చు. శక్తి చిన్నదో పెద్దదో పాఠకుడికి విడిగా వివరించక్కర్లేదు, కొలత పేరు వినగానే తెలిసిపోతుంది.

బడిలో చేరిన పిల్లకు మంత్రదండం బదులు ఒక గడియకుడుక ఇవ్వండి. అడుగున సన్నటి బెజ్జం ఉన్న రాగిగిన్నె అది. నీళ్ల మీద వదిలితే నిండి మునగడానికి ఒక గడియ పడుతుంది. ఒకప్పుడు పెళ్లి ముహూర్తాలు దానితోనే చూసేవారు. విద్యార్థి శక్తిని కుడుకల్లో లెక్కగట్టండి. మొదటి ఏడాది పిల్లకు రోజుకు ఒక్క కుడుక, అంటే 60 విఘడియలు. అవి ఖర్చయ్యాక ఎంత ఏడ్చినా మరొకటి రాదు. ఈ ఒక్క నియమంతో మాయకు హద్దు ఏర్పడుతుంది, కథకు ఉరుకూ వస్తుంది.

నిలుపు విద్య

కాలాన్ని ఆపడం అనగానే మనసులో మెదిలే బొమ్మ అందరికీ ఒకటే. లోకమంతా బిగుసుకుపోయి ఉంటుంది, నాయకుడొక్కడే మధ్యలో నడుస్తుంటాడు. అందులో కొత్తదనం లేదు. ఆట బల్ల మీద ఇంకో చిక్కు కూడా ఉంది. ఒకరు లోకాన్ని ఆపి తమ పనులన్నీ చేసుకుంటుంటే మిగతా ముగ్గురు చేతులు కట్టుకుని చూస్తూ కూచోవాలి.

నల్లగొండ పట్టణాన్ని ఆనుకుని ఉన్న పానగల్‌కు పోయి ఛాయా సోమేశ్వరాలయం చూస్తే ఇంతకంటే మంచి ఉపాయం తడుతుంది. కందూరు చోడుల కాలంలో, 11, 12 శతాబ్దాల్లో కట్టిన మూడు గర్భగుళ్ల గుడి అది. ఒక గర్భగుడిలో లింగం వెనక గోడ మీద నిట్టనిలువుగా ఒక నీడ పడుతుంది. బయట పొద్దు తూర్పు నుంచి పడమటికి నడిచినా ఆ నీడ చోటు మారదు. ఒకే స్తంభం నీడైతే పొద్దుతోపాటే జరిగిపోవాలి. మండపంలోకి వేర్వేరు వైపుల నుంచి వచ్చే వెలుతురును స్తంభాలు ఎట్లా అడ్డుకుంటాయో లెక్క చూసి కట్టారు కాబట్టి నీడ అక్కడే ఉండిపోతుంది. కట్టినవాళ్లు పొద్దును ఆపలేదు. ఆగినట్టుగా ఒక చోటును అమర్చారు.

మీ బడిలో నిలుపు విద్యను ఇదే సూత్రం మీద పెట్టండి. కాలాన్ని ఎక్కడపడితే అక్కడ ఆపడం ఎవరివల్లా కాదు. ముందుగా స్థలం చూసుకోవాలి, దీపాలో రాళ్లో సరైన దూరాల్లో నిలబెట్టాలి, ఆ గీత లోపలే కాలం నిలుస్తుంది. ఇప్పుడు కథకు పని దొరికింది. తాత ఆఖరి ఊపిరిలో ఉన్నాడు. మనవరాలు నట్టింట్లో నాలుగు దీపాలు అమర్చాలి. ఇల్లు పాతది, నేల ఎగుడుదిగుడు, ఒక దీపం కొలత కుదరడం లేదు. మంత్రం చదవగానే పని అయిపోయే కథలో ఈ ఉత్కంఠ ఎక్కడినుంచి వస్తుంది?

ఇక వెల. మార్కండేయ పురాణంలో సుమతి కథ మనకు తెలిసిందే. తెల్లవారితే భర్త చస్తాడని మాండవ్యుడు శపిస్తే, ఆమె పొద్దే పొడవకూడదని శాసించింది. పొద్దు పొడవలేదు. భర్త బతికాడు గానీ యజ్ఞాలు ఆగాయి, లోకాలు అల్లాడాయి. చివరికి అనసూయ వచ్చి ఒప్పించాల్సి వచ్చింది. ఒక ఇంటి మేలుకు లోకమంతా వెల కట్టిన కథ ఇది. కాలం ఆపే మాయకు ఇంతకంటే బరువైన నమూనా నాకు తెలిసి లేదు.

కృష్ణా ఆయకట్టులో ఉండేవాళ్లకు ఈ వెలను ఒక్క మాటలో చెప్పవచ్చు. కాలువ ఎగువన తూము ఎక్కువసేపు ఎత్తి ఉంచితే చివరి మడికి నీళ్లందవు, కాలమూ అంతే. నట్టింట్లో ఒక గడియ నిలిపితే ఎక్కడో చివరన ఉన్న మరో ఇంట్లో ఒక గడియ తగ్గుతుంది. ఏ ఇంట్లో అనేది నిలిపినవాళ్లకు తెలియదు. కథ నడిపేవాళ్లకు మాత్రం తెలిసి ఉండాలి.

తిప్పుడు విద్య

అందరూ మొదట ఎంచుకునేది ఇదే, కథను ఎక్కువగా చెడగొట్టేదీ ఇదే. జరిగినదాన్ని వెనక్కి తిప్పగలిగితే, ఇంత శక్తి ఉన్న బడి పక్కనే ఉండి ఫలానా కష్టాన్ని ఎందుకు ఆపలేదని పాఠకుడు అడుగుతాడు. ఊహాలోకంలో ఆ ప్రశ్నను దాటెయ్యొచ్చు. నల్లగొండలో దాటెయ్యలేం, ఎందుకంటే ఇక్కడ ఆ కష్టానికి పేరుంది.

మర్రిగూడ, మునుగోడు వైపు పల్లెల్లో తరాల తరబడి బోరు నీళ్లే తాగారు. ఈ ప్రాంతపు గ్రానైట్ రాతి పొరల నుంచి ఫ్లోరైడ్ ఆ నీళ్లలోకి దిగుతుంది. తాగునీటిలో లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటకూడదన్నది హద్దు. దాన్ని మించిన నీళ్లు ఏళ్లకేళ్లు తాగితే పళ్లు గార కడతాయి, కీళ్లు బిగుస్తాయి, ఎముకలు వంగిపోతాయి. ఒకసారి వంగిన ఎముకను ఏ మందూ నిటారు చేయదు. నీళ్లలో పటిక, సున్నం కలిపి ఫ్లోరైడ్‌ను అడుక్కి దింపే పద్ధతికి ప్రపంచమంతా నల్లగొండ పేరే వాడుతుంది. ఒక జిల్లా పేరు ఒక పద్ధతి పేరయ్యేంత బాధ అది. అట్లాంటి నేల మీద బడి పెట్టి, అందులో కాలాన్ని వెనక్కి తిప్పే గురువులను కూచోబెట్టి, ఆ గురువులు పరీక్ష ప్రశ్నలు దొంగిలించిన పిల్లల వెంట పడుతుంటే చదివేవాడికి కడుపు మండుతుంది. మండాలి కూడా.

పోనీ కథలో ఆ బాధను మాయతో మాన్పేద్దామా అంటే, అదింకా తప్పు. ఆ ఊళ్లలో మనుషులు నిజంగా బతికారు, మంచినీళ్ల కోసం దశాబ్దాలపాటు కొట్లాడారు. ఒక పేజీలో మంత్రం చదివి వాళ్ల వెన్ను సరిచేస్తే వాళ్ల పోరాటాన్ని లేనట్టు చేయడమే. ఈ విషయంలో నాది గట్టి మాట. నిజంగా జరిగిన ఊరి దుఃఖాన్ని మాయతో చెరిపేయగల విద్యను ఈ ప్రాంతపు కథలో పెట్టకండి.

మరి తిప్పుడు విద్యను పూర్తిగా వదులుకోవాలా? అక్కర్లేదు, దానికొక కట్టుబాటు పెట్టండి. నాకు తోచినది 60 ఏళ్ల ముడి. మనిషి తానున్న సంవత్సరానికి ఏ పేరుందో అదే పేరున్న సంవత్సరానికి మాత్రమే పోగలడు. మన్మథ నుంచి మన్మథకు, ప్లవంగ నుంచి ప్లవంగకు. మధ్యలో ఎక్కడా దిగలేడు.

ఈ నియమం ఏం చేస్తుందో చూడండి. 60 నిండనివాళ్లు తాము పుట్టని కాలానికే పోగలరు, తమ బతుకులో జరిగిన ఏ పొరపాటునూ దిద్దుకోలేరు. షష్టిపూర్తి నాటికి మనిషి తాను పుట్టిన ఏడాదికి పోవచ్చు, తొట్టెలో ఉన్న తనను తాను చూసుకోవచ్చు. ఆ ఏడాది అంతకుమించి తన సొంత కథలో వేలు పెట్టలేడు. పాఠకుడు అడగబోయే నూరు ప్రశ్నలకు ఈ ఒక్క కట్టుబాటు జవాబు చెప్తుంది.

పైగా ఈ ముడిలో మన చరిత్ర చక్కగా పడుతుంది. నాగార్జునసాగర్‌కు నెహ్రూ పునాదిరాయి వేసింది 1955 డిసెంబర్ 10న. అది మన్మథ నామ సంవత్సరం. మళ్లీ మన్మథ వచ్చింది 2015లో. కాలువలకు నీళ్లు వదిలిన 1967 ఆగస్టు ప్లవంగలో పడింది, మళ్లీ ప్లవంగ 2027 ఉగాదికి మొదలవుతుంది. దానికి ముందటి పరాభవ 1966లో ఒకసారి వచ్చింది, 2026లో మళ్లీ వచ్చింది. అంటే మీ విద్యార్థిని పరాభవలో బయల్దేరితే కాలువలు ఎండి ఉన్న కాలానికి చేరుతుంది, ప్లవంగలో బయల్దేరితే నీళ్లొచ్చిన ఏడాదికి చేరుతుంది. ఒక్క ఉగాది తేడాలో రెండు వేరే లోకాలు. ఇంత మంచి మలుపు పంచాంగమే ఉచితంగా ఇస్తుంటే వదులుకోవద్దు.

ఆ లోకాల్లో ఆమె ఏం చేయాలన్నది మీ ఇష్టం. ఒక్కటి మాత్రం మరవద్దు. సాగర్ వెనక నీళ్లలో ఇక్ష్వాకుల రాజధాని విజయపురి మునిగింది. తవ్వకాల్లో దొరికిన కట్టడాల్లో కొన్నింటిని నాగార్జునకొండ మీదికి, అంటే ఇప్పటి దీవి మీదికి ఎత్తుకున్నారు. ఊళ్లు ఖాళీ అయ్యాయి. మరోవైపు లాల్ బహదూర్ కాలువ కింద మిర్యాలగూడ, హుజూర్‌నగర్ వైపు వరి నిండింది. ఆనకట్టను ఆపితే మునిగినవాళ్లు గట్టెక్కుతారు, కాలువ కింది పొలాలు ఎండుతాయి. విద్యార్థిని తల్లి తరఫు ముంపు ఊరిది, తండ్రి తరఫు ఆయకట్టు ఊరిది అనుకోండి. ఇక ఆమెకు శత్రువంటూ వేరే మాంత్రికుడు కావాల్సిన పని లేదు.

రెండు పొద్దుల విద్య

ఒక చోట కాలం మెల్లగా, ఇంకో చోట వేగంగా నడిపించడం ఈ పంథా. దీనికి మూలం భాగవతంలోనే ఉంది. కకుద్మి మహారాజు కూతురు రేవతికి వరుడెవరో అడగడానికి బ్రహ్మలోకానికి పోయాడు. అక్కడ గానం జరుగుతుంటే కాసేపు ఆగాడు. అడిగేసరికి బ్రహ్మ నవ్వి, కింద 27 చతుర్యుగాలు గడిచాయి, నువ్వు మనసులో అనుకున్న వరులెవరూ లేరన్నాడు. తిరిగొచ్చి రేవతిని బలరాముడికిచ్చాడు.

పాలమూరు వాళ్లకు ఈ కథ ఇట్టే అర్థమవుతుంది. పొట్ట చేతపట్టుకుని బొంబాయికో, దూరాన ఏ డ్యాం పనికో పోయిన తండ్రి తిరిగొస్తే, పాలు తాగుతూ వదిలిపోయిన బిడ్డ గడప దగ్గర నిలబడి నువ్వెవరని అడుగుతుంది. వలసకు పోయినవాడికి అది కొన్ని మేస్త్రీల లెక్క, కొన్ని కూలి డబ్బుల లెక్క. ఊరికి అది ఒక బాల్యం. ఈ విద్యను బడి గోడల లోపల పెట్టండి. లోపల ఒక కార్తె చదువు, బయట ఒక ఏడాది. చదువుకోవడానికి వచ్చిన పిల్ల సెలవులకు ఇంటికి పోయిన ప్రతిసారీ తల్లి తలలో తెల్లవెంట్రుకలు పెరిగి ఉంటాయి. ఇందులో మాయ పెద్దగా వాడక్కర్లేదు, బడిలో ఉండటమే వెల. కుటుంబాల కథ రాసేవాళ్లకు నేను రెండో స్థానంలో చెప్పేది ఇదే. ఆటకు మాత్రం పనికిరాదు, నలుగురి లెక్కలు నాలుగు దారులు పడతాయి.

ముదురు విద్య, ముందెరుక

ఒక వస్తువు వయసును పెంచడం, తగ్గించడం ముదురు విద్య. విత్తనాన్ని క్షణంలో చెట్టు చేయడం, ఇనుప గొళ్లేన్ని తుప్పు పట్టించి రాల్చేయడం ఇందులోకే వస్తాయి. సాహసాలకు హుషారైనది, పిల్లల కథలకు బాగుంటుంది. దీన్ని మహబూబ్‌నగర్ పక్కనున్న పిల్లలమర్రి దగ్గర పెట్టండి. (సూర్యాపేట దగ్గర కాకతీయుల కాలపు గుళ్లున్న ఊరు పేరు కూడా పిల్లలమర్రే. కథలో రెండూ వస్తే పాఠకుడు తికమక పడతాడు, జాగ్రత్త.) మూడు ఎకరాలకు పైగా ఊడలతో పరుచుకున్న ఆ మర్రిలో 2017 డిసెంబర్‌లో పెద్ద కొమ్మ ఒకటి కూలింది. చెదలు లోపల్నించి తినేశాయి. అటవీశాఖ వాళ్లు సెలైన్ సీసాల్లో చెదల మందు పోసి కొమ్మలకు కట్టి, బొట్టు బొట్టుగా ఎక్కించారు. ముసలి చెట్టుకు మనిషికి చేసినట్టే వైద్యం చేశారు. మీ బడిలో ముదురు విద్య గురువు పని ఇదే అయ్యుండొచ్చు. చెట్టును మళ్లీ మొక్క చేయకూడదు, దాని వయసు దానికుంచి రోగాన్నే వెనక్కి పంపాలి. తీసిన వయసు ఎవరో ఒకరి మీద వాలాలి అన్న నియమం చేర్చితే, ఒక ఊడను బతికించిన పిల్లవాడికి పొద్దున లేచేసరికి మీసం వచ్చి ఉంటుంది.

జరగబోయేది చూడటాన్ని ప్రధాన విద్యగా ఎంచుకోవద్దు. చూసింది జరిగితే కథకు పని లేదు, జరగకపోతే విద్యకు విలువ లేదు. రోహిణి కార్తెలో రోళ్లు పగులుతాయని చెప్పే రైతు, గడపలో కూచుని ఎరుక చెప్పే ఎరుకలసాని, ఈ ఇద్దరి స్థాయిలో పక్కపాత్రలకు ఇస్తే సరిపోతుంది.

యాది విద్య

రాయినో గోడనో ముట్టుకుని, అది చూసిన కాలాన్ని చూడటం ఈ పంథా. చూడటమే, మార్చడం కుదరదు. వినగానే బలహీనంగా అనిపిస్తుంది. అయినా పెద్ద నవలకు నేను దీనికే ఓటు వేస్తాను. చూడగలిగీ మార్చలేకపోవడంలోనే పాత్రకు నిప్పు రాజుకుంటుంది. నిజంగా జరిగిన దుఃఖాన్ని ఈ విద్య చెరపదు, దానికి సాక్ష్యం చెప్తుంది. తిప్పుడు విద్య దగ్గర వచ్చిన చిక్కు ఇక్కడ రాదు.

అలంపురంలో బాదామి చాళుక్యుల నవబ్రహ్మ ఆలయాల దగ్గర్లో ఒక సంగమేశ్వరాలయం ఉంది. అది మొదట కృష్ణా తుంగభద్రలు కలిసే కూడవెల్లిలో ఉండేది. శ్రీశైలం ప్రాజెక్టు నీళ్లు రాబోతున్నాయని దాన్ని రాయి రాయిగా విప్పి తెచ్చి ఇక్కడ తిరిగి కట్టారు. యాది విద్యకు ఆ గుడి పెద్ద బాలశిక్ష. అక్కడి రాయి మీద చేయి పెట్టిన విద్యార్థికి రెండు చోట్లు ఒకేసారి తగులుతాయి. చెవిలో నది చప్పుడు, కళ్లముందు నది లేని నేల. కదిలించిన రాతికి రెండు యాదులుంటాయని, వాటిని విడదీయలేనివాళ్లు పై తరగతికి పోలేరని నియమం పెట్టుకోండి. ఇల్లు ఖాళీ చేసి వచ్చిన ముంపు ఊరి మనిషి చేయి పట్టుకున్నా అదే జరుగుతుందని మూడో సంవత్సరంలో ఆ విద్యార్థికి తెలియాలి.

పరీక్షకు కొల్లాపూర్ దగ్గరి సోమశిల ఉంది. అక్కడి ఒడ్డు నుంచి పడవలో పోతే అవతల నంద్యాల వైపు సంగమేశ్వరం. శ్రీశైలం నీటిమట్టం బాగా తగ్గినప్పుడే ఆ గుడి బయటపడుతుంది, మిగతా కాలమంతా నీళ్లలోనే ఉంటుంది. పరీక్ష తేదీని నది నిర్ణయిస్తుంది. ఆ ఏడు నీళ్లు దిగకపోతే ఎవరూ ఉత్తీర్ణులు కారు. పిల్లలు పొద్దున్నే లేచి నీటిమట్టం చూసుకునే ఈ ఒక్క వివరం, బడి గురించి పది పేజీలు వర్ణించిన దానికన్నా ఎక్కువ నమ్మిస్తుంది.

ముడుమాల్‌ను ఆఖరి సంవత్సరానికి దాచుకోండి. నారాయణపేట జిల్లా కృష్ణా మండలంలో, నది ఒడ్డున పొలాల మధ్య మనిషికి రెండింతల ఎత్తు రాళ్లు నిలబెట్టి ఉన్నాయి. ఇనుపయుగానికో అంతకుముందుకో చెందిన మనుషులు నిలిపినవి. కొన్ని వరుసలు అయనాలు మారే రోజుల్లో పొద్దుపొడుపుకు సూటిగా వస్తాయి. ఒక రాతి మీద తొలిచిన గుంటలు సప్తర్షి మండలంలా ఉంటాయి. 2025లో యునెస్కో తాత్కాలిక జాబితాలో చేరాయి. ఊరివాళ్లు ఎప్పటినుంచో నిలురాళ్ల తిమ్మప్ప అని మొక్కుతూనే ఉన్నారు. రాత లేని మనుషుల యాది అది. విద్యార్థికి బొమ్మలు కనిపించాలి గానీ మాటలు అర్థం కాకూడదు. అక్కడ అన్నీ తెలిసిపోయాయని రాస్తే ఆ రాళ్ల గొప్పతనం పోతుంది.

ఈ విద్యకు వెల కూడా సూటిగానే ఉండాలి. రాతి నుంచి ఒక గడియ చూస్తే సొంత యాదిలోంచి ఒక గడియ పోతుంది, ఏ గడియ పోయిందో తెలియదు. ముసలి గురువుకు విజయపురి వీధులన్నీ తెలుసు, తన పెళ్లి మాత్రం గుర్తుండదు.

ఎవరికి ఏది

పది పేజీల కథ రాస్తున్నవాళ్లు నిలుపు విద్య తీసుకోండి. ఒక ఇల్లు, ఒక గడియ, ఒక నిర్ణయం, అంతటితో అయిపోతుంది. బడి మొత్తాన్ని చూపించాలన్న ఆశ పెట్టుకోవద్దు. నవల అయితే యాది విద్యను వెన్నెముకగా ఉంచి, 60 ఏళ్ల ముడితో తిప్పుడు విద్యను ఒకే ఒక్కసారి, కథ నడుమ వాడండి. రెండోసారి వాడితే మొదటిదాని బరువు పోతుంది. చిన్నపిల్లల కోసమైతే ముదురు విద్య. వలస మీద, ఇంటి బెంగ మీద రాయాలని ఉంటే రెండు పొద్దుల విద్యను మించింది లేదు.

ఆట ఆడేవాళ్ల లెక్క వేరు. బల్ల మీద యాది విద్య నీరసిస్తుంది, ఆట నడిపేవాళ్లు చెప్తూ పోవడం, మిగతావాళ్లు వినడం తప్ప ఏముండదు. అక్కడ తిప్పుడు విద్యను విఘడియకు కుదించండి. ఒక ఆటగాడు ఒక కుడుకలోంచి పది విఘడియలు ఖర్చు పెడితే, ఇప్పుడే పడిన పాచికను మళ్లీ వేయించవచ్చు, ఎవరిదైనా సరే. రెండోసారి పడిందే ఖాయం, మొదటిది మేలైనా సరే. రోజుకు ఆరు అవకాశాలు. నిజానికి మొదటి గంటలోనే అన్నీ ఖర్చు పెట్టేస్తారు, చివర్లో ఖాళీ కుడుకతో ప్రాణం మీదికి వస్తుంది. అదే మంచిది. నిలుపు విద్యను కూడా ఇవ్వాలనుకుంటే గీత లోపల ఉన్న అందరూ కదలగలరని నియమం మార్చండి, అప్పుడు నలుగురూ కలిసి గీతలోకి దూకడానికి పోటీ పడతారు.

బడిని ఎక్కడ పెట్టాలన్నది ఎంచుకున్న పంథాను బట్టే తేలుతుంది కాబట్టి దాని గురించి ఎక్కువ ఆలోచించొద్దు. నిలుపుకు పానగల్, ఉదయసముద్రం కట్ట పక్కన. ముదురుకు పిల్లలమర్రి. యాదికి అలంపురం. పూజలు జరుగుతున్న గుళ్లు, ప్రభుత్వ శాఖలు కాపాడుతున్న చోట్లు ఇవన్నీ. పిల్లలు లోపలికి దూరి తవ్వుతున్నట్టు, రాళ్లు పెకిలిస్తున్నట్టు రాయకండి. బడిని పక్క ఊళ్లో కల్పించుకుని పిల్లలను ఇక్కడికి పాఠానికి నడిపించండి.

మాట తీరు ఆఖరిది గానీ చిన్నది కాదు. కాలవిద్య గురువు అనగానే సంస్కృత సమాసాల్లో మాట్లాడించాలన్న కోరిక వస్తుంది. మంత్రం సంస్కృతంలో ఉండనివ్వండి, పాఠం మాత్రం ఊరి మాటలో సాగాలి. పానగల్‌లో పిల్లవాడు, "సారూ, కుడుక మునిగింది గని నీడైతే కదలలే" అనాలి. అలంపురంలో ముసలి గురువు, "రాయి ఏం జెప్పిందో గది జెప్పు బిడ్డా, నువ్వేమనుకున్నవో నాకొద్దు" అనాలి. ఆమెను పిల్లలంతా అవ్వా అని పిలవాలి. ముడుమాల్ పాఠం రాసేటప్పుడు అది కర్ణాటక సరిహద్దని గుర్తుపెట్టుకోండి. అక్కడి పిల్లల మాటల్లో కన్నడం కలుస్తుంది. ఆ వైపు వాళ్లతో నాలుగు రోజులు మాట్లాడి, ఆ పేజీలు వాళ్లకే చదివి వినిపించి, వాళ్లు దిద్దిన తర్వాతే అచ్చుకు పంపండి.